అడుగులు లెక్కపెట్టు మోటారు

మన యిండ్లలోను పొలములలోను మోటారు లనేకము లున్నవి. పంకాను త్రిప్పునది, బావినుండి నీటిని తోడునది, పిండిమరను నడుపునది, అన్నియు మోటారులే. మీట నొక్కినచో ఇవి తిరుగును. ఆపినచో మరి కొంతసేపు తిరిగి తమంతట నిలుచును. ఎన్ని చుట్లు తిరిగితివి, ఎచ్చట నిలిచితివి అని వానిని ప్రశ్నించి ప్రయోజనము లేదు. పంకా రెక్క తూర్పున నిలిచిన నేమి, పడమట నిలిచిన నేమి?

అయితే కొన్ని పనులకు ఈ నిర్లక్ష్యము పనికిరాదు. గడియారపు ముల్లు పదునైదు నిమిషముల గీతవద్ద నిలువవలసి యుండగా పదునాఱవ గీతకు పోయినచో అది గడియారము కాదు. పొరమీద పొరగా వస్తువులను పోతపోయు త్రీడీ ప్రింటరు వెండ్రుకవాసి తప్పినను వస్తువు వంకరపోవును. ఇట్టి పనులకై ఏర్పడిన మోటారును ఆంగ్లమున స్టెప్పర్ మోటారు అందురు. స్టెప్ అను మాటకు మెట్టు అనియు, అడుగు అనియు రెండర్థములు కలవు. ఈ మోటారు మెట్లెక్కునది కాదు, అడుగులు వేయునది. కనుక మేము దీనిని అడుగు మోటారు అని పిలుచుచున్నాము. అంగడిలో మాత్రము స్టెప్పర్ అనియే అడుగవలెను. లేనిచో దుకాణదారునికి తెలియదు.

దీనిని మీరు చూడలేదని తలచుచున్నారేమో! ముండ్లున్న క్వార్ట్జు చేతిగడియారము చెవివద్ద పెట్టుకొని వినుడు. సెకనుకొకసారి టిక్కుమనునది ఒక చిన్న అడుగు మోటారే. ఆ నమూనాను 1936లో మారియస్ లవే అను ఫ్రెంచి యింజనీరు కల్పించెను. అందులోని చిన్న అయస్కాంతము ప్రతి సెకనుకును సరిగా అరచుట్టు తిరిగి నిలుచును. తరువాతి సెకనుకు మరియొక అరచుట్టు. తిరుగుట కంటె నిలుచుటయే అచ్చట ముఖ్యము.

అడుగు మోటారు పనిచేయు విధమును తెలిసికొనుటకు గానుగ నొకదానిని ఊహింపుడు. గానుగ చుట్టును నాలుగు గుంజలు, ఒక్కొక్క గుంజవద్ద ఒక్కొక్క బాలుడు, ప్రతివాని చేతను ఒక పచ్చగడ్డి కట్ట. మొదటివాడు గడ్డి చూపును, ఎద్దు అచ్చటికి పోయి నిలుచును. అతడు గడ్డిని దాచివేయును, రెండవవాడు చూపును, ఎద్దు రెండవ గుంజకు నడచును. ఈ రీతిగా వరుసగా చూపినచో ఎద్దు చుట్టు తిరుగును. వరుసను తలక్రిందులు చేసినచో వెనుకకు తిరుగును. ఒకడే గడ్డి పట్టుకొని నిలిచినచో ఎద్దు కదలదు. ఎన్నిసార్లు గడ్డి చూపితిమో లెక్క యుంచుకొన్నచో, చూడకుండగనే ఎద్దు ఎచ్చట నున్నదో చెప్పవచ్చును.

మోటారులో ఎద్దు స్థానమున శాశ్వతాయస్కాంతము కలదు. బాలురకు బదులు తీగచుట్టలు. చుట్టలో విద్యుత్తు ప్రవహించినపుడు అది అయస్కాంతమగును, ఆపినపుడు కాదు. ఇంతే రహస్యము. ప్రక్కప్రక్క నున్న ఇద్దరు బాలురు ఒకేసారి గడ్డి చూపినచో ఎద్దు ఇరువురకును నడుమ నిలుచును గదా! అట్లే రెండు చుట్టలకు ఒకేసారి విద్యుత్తు నిచ్చి, ఒక చుట్ట, రెండు చుట్టలు, ఒక చుట్ట అను క్రమమున నడిపినచో అరయడుగులు వేయించవచ్చును.

ఇక మన చేతికి అందు మోటారును గూర్చి చెప్పుదుము. దాని పేరు 28బీవైజే-48. పేరు చూచి బెదరవలదు. మొదటి 28 దాని వ్యాసము, మిల్లీమీటర్లలో. 5 వోల్టులతో పనిచేయును. కొలది వందల రూపాయలలో మోటారును, దానిని నడుపు చిన్న పలకయు కలిపి దొరకును. దీని లోపలి అయస్కాంతము 32 అడుగులలో ఒక చుట్టు తిరుగును. అనగా అడుగునకు 11.25 డిగ్రీలు. కాని ఆ అయస్కాంతమునకును వెలుపల మనకు కనబడు ఇరుసునకును నడుమ నాలుగు జతల పళ్లచక్రములు కలవు. లోపల సుమారు 64 చుట్లు తిరిగిన పిమ్మట వెలుపలి ఇరుసు ఒక చుట్టు తిరుగును. 32ను 64తో గుణించిన 2048. కనుక ఒక చుట్టునకు 2048 అడుగులని పెక్కు పుస్తకములలో వ్రాసియుందురు. ఈ సంఖ్యను జ్ఞాపకముంచుకొనుడు; దీనితో మనకు ముందు ఒక తగవు రానున్నది.

గడ్డి చూపు బాలురను వరుస తప్పక పిలుచు పెద్ద యొకడు కావలెను. అతడే ఆర్డుయినో అను పలక. 2005లో ఇటలీ దేశమందలి ఇవ్రేయా పట్టణములో, విద్యార్థులకు చౌకగా నుండవలెనని మాసిమో బాన్జీయు అతని మిత్రులును దీనిని నిర్మించిరి. అంతకు ముందు ఆ ఊరి విద్యాసంస్థలోనే హెర్నాండో బర్రాగాన్ అను కొలంబియా విద్యార్థి చేసిన వైరింగ్ అను పని దీనికి మూలము. ఆర్డుయినో అనునది ఆ మిత్రులు కూడుకొను పానశాల పేరు. ఆ పానశాలకు ఆ పేరు 1002లో ఇటలీకి రాజైన ఆర్డుయిన్ వలన వచ్చినది. ఒక రాజు పేరు పానశాలకును, పానశాల పేరు పలకకును వచ్చుట విచిత్రమే. 2010లో వెలువడిన ఊనో అను రకము పాఠశాలలలో విశేషముగ వాడుకలో నున్నది. దానిలోని చిన్న బిళ్ల సెకనుకు 1 కోటి 60 లక్షల స్పందనలతో పనిచేయును. దానికి 14 అంకెల పిన్నులు కలవు. ప్రతి పిన్నునకును 5 వోల్టులు పెట్టుటయో తీయుటయో మనము వ్రాసిన ఆజ్ఞావళి ప్రకారము జరుగును.

ఇచ్చట తొందరపాటు పనికిరాదు. పిన్నుకు 5 వోల్టులు వచ్చుచున్నవి, మోటారునకు 5 వోల్టులు కావలెను, కనుక రెండింటిని నేరుగ కలిపిన సరిపోవునని తోచును. ఓము సూత్రము చదివినవారు ఒక్క నిమిషము ఆగి లెక్క వేయుదురుగాక. మోటారు చుట్ట నిరోధము సుమారు 50 ఓములు. 5 వోల్టులను 50చే భాగించిన 0.1 ఆంపియరు, అనగా 100 మిల్లీ ఆంపియర్లు. ఊనో పిన్ను ఎట్టి పరిస్థితిలోను 40 మిల్లీ ఆంపియర్లు దాటరాదు. 20కి లోబడి యుండుట క్షేమము. 2023లో వచ్చిన ఊనో నాలుగవ కూర్పులో పిన్నునకు 8 మిల్లీ ఆంపియర్లే. నేరుగ కలిపినచో పలక కాలిపోవును. ఒక్క సూత్రము కొన్ని వందల రూపాయలను కాపాడుచున్నది.

ఇందుకే మోటారుతో కూడ వచ్చు చిన్న పలకమీద యూఎల్ఎన్ 2003 అను బిళ్ల యుండును. అది మధ్యవర్తి. పిన్ను నుండి స్వల్ప విద్యుత్తు గ్రహించి, దానికి బదులు 500 మిల్లీ ఆంపియర్ల వరకు ప్రవాహమును తెరచి మూయగలదు. కాలువ తూమును ఒక బాలుడు చేతితో ఎత్తగా ఊరి చెరువు నీరంతయు పారినట్లు. ఈ మధ్యవర్తి తన కూలిగా సుమారు 1 వోల్టును తానే తినివేయును గాన మోటారునకు 4 వోల్టులే ముట్టును; దానితోనే అది తిరుగును. ఈ బిళ్ల చేయు మరియొక ఉపకారము కంటికి కనబడదు. చుట్టలో పారు విద్యుత్తును చటుక్కున ఆపినచో చుట్ట దానిని సహింపదు. క్షణకాలము మిక్కిలి యెక్కువ వోల్టులను పుట్టించి ఆపినవానిపై విసరును. ఆ దెబ్బను ప్రక్కదారి పట్టించు డయోడులు బిళ్లలోనే అమర్చబడి యున్నవి.

మోటారునకు కావలసిన 5 వోల్టులను వేఱొక సరఫరానుండి తెచ్చుట మేలు. అట్లు తెచ్చినపుడు ఆ సరఫరా ఋణ తీగను ఆర్డుయినో ఋణ తీగతో తప్పక కలుపవలెను. కలుపనిచో తీగలన్నియు సరిగానున్నను మోటారు కదలకుండుటయో, పిచ్చిగా కదలుటయో జరుగును. ఇద్దరు మనుష్యులు ఎత్తులు కొలువదలచినచో ఒకే నేలమీద నిలువవలెను గదా! ఇంటి గోడలోని 230 వోల్టులకును ఈ ప్రయోగమునకును నేరుగ ఎట్టి సంబంధమును ఉండరాదని తల్లిదండ్రులు గమనించవలెను. సెల్‌ఫోను చార్జరువంటి 5 వోల్టుల సాధనము చాలును.

మోటారునుండి అయిదు తీగలు వచ్చును. ఎఱ్ఱనిది అన్ని చుట్టలకును ఉమ్మడి. మిగిలినవి నీలము, గులాబి, పసుపు, నారింజ. ఇవి మధ్యవర్తి పలకమీది 1, 2, 3, 4 ప్రవేశములకు వరుసగా చెందును. అయితే ఆర్డుయినోతో ఉచితముగ వచ్చు స్టెప్పర్ అను సిద్ధాజ్ఞావళిని వాడువారు పిన్నుల సంఖ్యలను 1, 3, 2, 4 అను వరుసలో వ్రాయవలెను. ఏలయన, నీలము పసుపు ఒక చుట్టకు రెండు కొనలు; గులాబి నారింజ రెండవ చుట్టకు రెండు కొనలు; ఆ ఆజ్ఞావళి చుట్టకు చుట్టగా కొనలను అడుగును. 1, 2, 3, 4 అని వ్రాసినచో మోటారు ముందుకు పోదు, వెనుకకు రాదు; తేనెటీగవలె ధ్వని చేయుచు ఉన్నచోటనే వణకును. మోటారు చెడిపోయినదని పాఱవేయవలదు.

సెట్‌స్పీడ్ అను ఆజ్ఞతో నిమిషమునకు ఎన్ని చుట్లో చెప్పవలెను. స్టెప్ అను ఆజ్ఞతో ఎన్ని అడుగులో చెప్పవలెను. నిమిషమునకు 10 చుట్లు మంచి వేగము. సుమారు 15కు మించి అడిగినచో ఈ మోటారు తడబడును. గడ్డి కట్టలను అతివేగముగ మార్చి చూపినచో ఎద్దు రెండవ గుంజకు చేరకముందే మూడవవాడు పిలుచును, అది బెదరి నిలిచిపోవును. చుట్టలో విద్యుత్తు పూర్తిగా నిండుటకు కొంత కాలము పట్టును. ఆ కాలమైన ఈయనిచో అయస్కాంతశక్తి చాలదు. అడుగులు జాఱిపోవును. జాఱినట్లు మోటారు చెప్పదు, ఆర్డుయినోకు తెలియదు.

ఈ ఆజ్ఞలన్నియు ఆంగ్లాక్షరములలో నున్నవి గదా, తెలుగు మాధ్యమమున చదువు మా పిల్లవానికి ఇవి సాధ్యములా అని కొందఱు తల్లిదండ్రులు అడుగుచుందురు. ఈ పలకను కల్పించిన ఊరి ఇటాలియను బాలుడును ఇవే ఆంగ్లపదములను టైపు చేయుచున్నాడు. వాడవలసిన పదములు ముప్పదికి మించవు; సంగీతము నేర్చువాడు స్వరములను నేర్చినట్లు వారము దినములలో వచ్చును. ఆ పదముల వెనుకనున్న ఆలోచన, ఏది ముందు, ఏది వెనుక, ఎంత, ఎన్నిసార్లు అనునది, బాలునకు ఏ భాషలో తేటగా తోచునో ఆ భాషలో నేర్చుటయే సులభమని మా అభిప్రాయము. ఇంటిలో తెలుగును, వీధిలో తమిళమును, కన్నడమును మాటలాడు మన హోసూరు ప్రాంతపు పిల్లలకు మరి ముప్పది మాటలు బరువు కావు.

ఇప్పుడు తగవునకు వత్తము. ఇరుసునకు అట్టముక్క నొకదానిని ముల్లువలె అతికించి, దాని క్రింద కాగితముపై గీత గీయుడు. 100 చుట్లు, అనగా 2,04,800 అడుగులు వేయించుడు. కాని 204800 అని ఒకేసారి ఆజ్ఞాపించరాదు. ఊనోలో ఆ ఆజ్ఞకు ఇచ్చిన చోటు 32,767 వరకు గల సంఖ్యలకే చాలును. పెద్ద సంఖ్య నిచ్చినచో పైభాగము తెగిపోయి 8192 మాత్రమే మిగులును, మోటారు నాలుగు చుట్లు తిరిగి ఊరకుండును. 2048 అడుగులు వేయుమని 100 మారులు చెప్పవలెను. పది నిమిషములలో ముగియును. లెక్క సరియైనచో ముల్లు గీతమీదనే నిలువవలెను. కాని చాల మోటారులలో ముల్లు గీతకు దాదాపు ఎదుటి వైపున నిలుచును!

మోటారు అడుగులు తప్పలేదు. లెక్కయే తప్పు. మోటారును విప్పి పళ్లచక్రముల పళ్లను లెక్కించినవారికి కనబడినవి ఇవి: 9 పళ్లది 32ను, 11ది 22ను, 9ది 26ను, 10ది 31ని త్రిప్పుచున్నవి. ఈ నాలుగు భిన్నములను గుణించి సంక్షేపించినచో 405లో 25,792 వంతులు వచ్చును, అనగా 63.684. ఇది 64 కాదు. దీనిని 32తో గుణించిన చుట్టునకు 2037.886 అడుగులు. చుట్టునకు పది అడుగుల భేదము కంటికి ఆనదు. నూరు చుట్లకు అది అరచుట్టైనది. అంగడిలోని మోటారు లన్నియు ఒకేచోట చేసినవి కావు గాన మీ మోటారుకు ఏ లెక్క చెల్లునో ఈ పరీక్షతోనే తేల్చుకొనవలెను. పుస్తకములోని సంఖ్య కంటె కాగితముమీది గీత నమ్మదగినది.

ఈ భేదము నిజముగా బాధించు చోటు గడియారము. ఈ మోటారుతో పెద్దముల్లును త్రిప్పి గంటకు 2048 అడుగులు వేయించినచో గంటకు సుమారు 18 సెకనులు ముందుకు పోవును. దినమునకు 7 నిమిషములు. మూడు దినములలో బడిగంట ఇరువది నిమిషములు ముందే మ్రోగును. పిల్లలకు సంతోషమే గాని ప్రధానోపాధ్యాయులకు కాదు.

2037.886 అడుగులు వేయించుట యెట్లు? అడుగులో ముక్కను వేయలేము గదా! ఈ చిక్కును మన పంచాంగకర్తలు ఎన్నడో విప్పిరి. పండ్రెండు చాంద్రమాసములు ఒక సౌరవర్షమునకు చాలవు. మిగిలిన దినములను కూడబెట్టుచు పోయి, సుమారు 33 మాసముల కొకసారి ఒక అధికమాసమును చేర్చి లెక్క సరిచేయుదురు. మనమును అట్లే చేయుదము. పైభిన్నమును గంటలనుండి సెకనులకు మార్చి సంక్షేపించిన, సెకనుకు వేయవలసినది 91,125లో 51,584 వంతుల అడుగు. కనుక ఆజ్ఞావళిలో ఒక ఖాతా తెరువుడు. ప్రతి సెకనుకును ఆ ఖాతాలో 51,584 జమ చేయుడు. మొత్తము 91,125కు చేరినను దాటినను ఒక అడుగు వేయించి 91,125 ఖర్చు వ్రాయుడు. మిగిలినది తరువాతి సెకనుకు నిలువ. చేతితో చేసి చూడుడు: 2, 4, 6, 8 సెకనులయందు అడుగులు పడును, తరువాతి అడుగు పదవ సెకనుకు గాక తొమ్మిదవ సెకనుకే పడును. అదియే మన అధికమాసము. పళ్లచక్రముల వలన రావలసిన తప్పు ఈ ఖాతాలో ఎన్ని యేండ్లైనను పేరుకొనదు.

ఖాతా ఎందుకు, గడచిన సెకనులను 51,584తో గుణించి 91,125తో భాగించిన చాలదా అని తెలివైన విద్యార్థి అడుగవచ్చును. కాగితముమీద చాలును. ఆర్డుయినోలో 32 ద్విసంఖ్యల పెద్ద చోటు సైతము 429 కోట్ల పైచిలుకు వరకే పట్టును. 83,262వ సెకనున ఆ గుణకారము పొంగిపొరలును. అనగా అర్ధరాత్రి మొదలిడిన గడియారము దినమంతయు చక్కగా నడచి, మరునాటి అర్ధరాత్రికి ముందు 11 గంటల 7 నిమిషముల 42 సెకనులకు చెడును. పగటిపూట పరీక్షించినవారికి ఈ తప్పు దొరకనే దొరకదు. ఖాతా పద్ధతిలో సంఖ్య 1,42,709 దాటదు. అయినను దానికి చిన్న చోటు చాలదు. లాంగ్ అను పెద్ద చోటునే కేటాయించవలెను.

సెకను సరియైనది కావలెను గదా! ఊనో స్పందనలను కొలుచు భాగము పింగాణి జాతిది. దానిని గడియారమునకు నమ్మరాదు. డీఎస్ 3231 అను చిన్న కాలమాపక బిళ్లను కొని తగిలించినచో, మన గదుల వేడిమిలో సంవత్సరమునకు సుమారు 1 నిమిషము మించి తప్పదు. దానికి బొత్తామువంటి బ్యాటరీ యుండుటచే కరెంటు పోయినను కాలము తెలియుచుండును.

కాలము తెలియును, ముల్లెచ్చట నున్నదో తెలియదు. ఇది అడుగు మోటారు యొక్క పెద్ద లోపము. అడుగుల లెక్క ఆర్డుయినో జ్ఞాపకములోనిదే గాని మోటారులో లేదు. కరెంటు పోయి వచ్చినచో లెక్క శూన్యము. మన హోసూరు యంత్రశాలలలో సీఎన్‌సీ యంత్రములవద్ద పనిచేయు తండ్రులకు వేఱొక పద్ధతి తెలిసియుండును: పెద్ద యంత్రములలో సాధారణముగా సర్వో మోటారు లుండును, వాని ఇరుసుకే తగిలించిన కొలమాని ఎంత తిరిగినదో ఎప్పటికప్పుడు తిరిగి చెప్పుచుండును. అది వెలగల పద్ధతి. త్రీడీ ప్రింటరులు చౌక పద్ధతిని అవలంబించును. మీట వేయగానే మొదట ఒక మూలకు పోయి అచ్చటి చిన్న స్విచ్చిని తాకి, ఇదియే సున్న అని నిశ్చయించుకొని, అచ్చటినుండి లెక్క మొదలిడును. మన గడియారమునకును అట్లే చేయవచ్చును. ముల్లు తోకకు చిన్న అయస్కాంతమును అతికించి, పండ్రెండు స్థానమున హాల్ సెన్సరు నుంచినచో, కరెంటు వచ్చినవెంటనే ముల్లు చుట్టు తిరిగి తన సున్నను వెదకుకొనును. పిదప డీఎస్ 3231ను కాలమడిగి సరియైన చోటికి నడచును.

రెండు చిన్న సంగతులు మిగిలినవి. అడుగునకు అడుగునకు మధ్య చుట్టలలో విద్యుత్తును ఆపివేయుడు. లేనిచో మోటారు దినమంతయు ఊరక వేడెక్కుచుండును. ముల్లు తేలికయైనచో పళ్లచక్రముల రాపిడియే దానిని నిలిపియుంచును. రెండవది: పళ్లచక్రముల నడుమ కొంచెము వదులుండును. ముల్లు పండ్రెండు దాటి క్రిందికి దిగునపుడు తన బరువుచే ఆ వదులుమేరకు ముందుకు జాఱును. ఆఱు దాటి పైకెక్కునపుడు వెనుకబడును. ముల్లునకు వెనుక తోక నుంచి అచ్చట అంతే బరువును అతికించినచో ఈ జాఱుడు పోవును. గోపురపు గడియారముల ముండ్లకు తోకలుండుట అందుకే. చిన్నముల్లు కొరకు పాడైన గోడగడియారమునుండి పండ్రెండింటికి ఒకటిగ తిరుగు చక్రములను తీసి వాడవచ్చును.